కొండ కనబడుతుంది, బస్సు వెళ్ళదు

వేసవి ఆదివారాల్లో, లాస్ ఏంజెలెస్‌కు తూర్పున ఉన్న అజుసా ఊరు దాటి 39వ నంబరు రోడ్డు పట్టుకుని కొండెక్కితే, శాన్ గాబ్రియేల్ నది తూర్పు పాయ దగ్గర కార్లు రోడ్డు వారగా బారులు తీరి ఉంటాయి. డిక్కీల్లోంచి ఐసు పెట్టెలు, బొగ్గుల పొయ్యిలు, మడత కుర్చీలు, మొక్కజొన్న రొట్టెల మూటలు దిగుతాయి. వాటి వెనకే అమ్మమ్మలు, అల్లుళ్ళు, చంటిపిల్లలు. పిల్లలు మోకాలి లోతు నీళ్ళలో ఆడుతుంటారు, మగవాళ్ళు పొయ్యి రాజేస్తారు, పొద్దువాలే దాకా ఎవరూ కదలరు. మెక్సికన్ కుటుంబాల్లో దీన్ని ‘కార్నే అసాదా’ అంటారు. అసలు అర్థం నిప్పుల మీద కాల్చిన గొడ్డుమాంసం, వాడుకలో ఆ పూట మొత్తానికీ అదే పేరు. మన కార్తీక వనభోజనాల లాంటిదే. కాకపోతే ఉసిరిచెట్టూ ఉండదు, శాకాహార నియమమూ ఉండదు.

ఇది చూసొచ్చినవాళ్ళకు ‘లాటినో (లాటిన్ అమెరికా మూలాలున్న) నగరవాసుల్ని ప్రకృతికి దగ్గర చేసే కార్యకర్త’ అన్న మాట వినబడితే నవ్వు రావచ్చు. ఏట్లో కాళ్ళు పెట్టుకుని కూర్చున్నవాళ్ళను ఇంకా ఎక్కడికి దగ్గర చేస్తారు? కాని అమెరికాలో పుష్కరకాలం పైగా అదొక గుర్తింపున్న పని. దానికి సంస్థలున్నాయి, విరాళాలున్నాయి, ఏటా జరిపే వారోత్సవం ఉంది. పేటల్లో తిరిగి, చర్చి వాకిట్లో నిలబడి, బడి తల్లిదండ్రుల సమావేశాల్లో మాట్లాడి, ఒక బస్సు నిండా మనుషుల్ని పోగేసి కొండకో, సముద్రానికో, చిత్తడి నేలకో తీసుకెళ్ళే ఆర్గనైజర్లు కాలిఫోర్నియా, టెక్సస్, న్యూ మెక్సికోల్లో ఊరూరా కనిపిస్తారు.

వాళ్ళ పని చూసి, లాటినోలకు చెట్టూ ఏరూ అలవాటు లేవేమో, వీళ్ళు నేర్పుతున్నారేమో అనుకుంటే పొరపాటు. ఆ దూరం కట్టిన దూరం. కోర్టు తీర్పులతో, ఈతకొలనుల నిబంధనలతో, బడ్జెట్ పద్దులతో, కొన్నిచోట్ల అచ్చంగా సిమెంటుతో కట్టారు. దాని పొరలు ఒక్కొక్కటే విప్పితేగాని ఆర్గనైజర్ చేతిలోని బస్సు టికెట్లకు అర్థం తెలీదు.

ఊరుమ్మడి నేల

మొదటి పొర న్యూ మెక్సికోలో ఉంది. స్పెయిన్, ఆ తర్వాత మెక్సికో ఏలుబడిలో అక్కడి ఊళ్ళకు భూమి గ్రాంటులు ఇచ్చేవారు. ఇంటి స్థలం, సాగుపొలం ఎవరిది వారిది. కొండ, కట్టెలకు వెళ్ళే అడవి, మేత బీడు ఊరందరివీ. 1848లో అమెరికా, మెక్సికోల యుద్ధం ముగిసి, ఈ ప్రాంతాన్ని అమెరికాకు అప్పగిస్తూ గ్వాదలూపే ఇదాల్గో ఒప్పందం కుదిరినప్పుడు, మెక్సికన్ల ఆస్తి హక్కుల్ని గౌరవిస్తామని అమెరికా మాట ఇచ్చింది. ఉమ్మడి నేల ఎవరి ఆస్తి అన్న ప్రశ్న దగ్గర ఆ మాట ఆగిపోయింది. 1897లో శాండోవల్ కేసులో అమెరికా సుప్రీంకోర్టు, ఆ నేల ఊరివాళ్ళది కాదు, పాత ప్రభుత్వానిది, కాబట్టి ఇప్పుడు అమెరికా ప్రభుత్వానిది అని తేల్చింది. ఆ కేసులో తగాదా పడ్డ శాన్ మిగెల్ దెల్ బాదో గ్రాంటు 3,15,000 ఎకరాలు. ఊరివాళ్ళ చేతికి మిగిలింది దాదాపు 5,000. అలా పోయిన ఉమ్మడి నేలల్లో చాలా భాగం తర్వాత కార్సన్, సాంతా ఫే జాతీయ అడవుల్లో కలిసింది. తాతలు కట్టెలు కొట్టుకున్న చోట మనవలు పర్మిట్ తీసుకోవాల్సి వచ్చింది.

ఆ కోపం ఎంతకాలం నిలిచిందో 1966 చెబుతుంది. ఆ ఏడాది అక్టోబరులో రేయెస్ లోపెస్ తిహెరీనా నాయకత్వంలో గ్రాంటు వారసులు కార్సన్ అడవిలోని ఎకో ఆంఫిథియేటర్ అనే విడిది స్థలాన్ని ఆక్రమించారు. అడ్డొచ్చిన ఇద్దరు అటవీ రేంజర్లనే పట్టుకుని, మా నేల మీదికి అక్రమంగా వచ్చారంటూ విచారణ జరిపి వదిలేశారు. యూనిఫాం వేసుకున్న మనిషి, అడవిలోకి వచ్చిన లాటినో కుటుంబం – ఈ రెంటి మధ్య ఉన్న ఇబ్బంది ఆనాటికే పాతది.

సోమవారం ఈత

కాలిఫోర్నియాలో దూరం మరో రూపంలో వచ్చింది. 20వ శతాబ్దం మొదటి సగంలో దక్షిణ కాలిఫోర్నియా పట్టణాల్లో మునిసిపల్ ఈతకొలనులుండేవి, వాటిలో చాలాచోట్ల ‘మెక్సికన్ డే’ ఉండేది. వారానికి ఒక్కరోజు, చాలాసార్లు సోమవారం, మెక్సికన్ పిల్లలకూ నల్లజాతి పిల్లలకూ ప్రవేశం. ఆ రోజు అయ్యాక నీళ్ళు తోడేసి, కొలను కడిగి, తెల్లవాళ్ళ పిల్లలకోసం కొత్త నీళ్ళు నింపేవారు. మురికి నీళ్ళలో చివరి రోజు ఈదినవాళ్ళు తాతలై, ఆ కథ మనవలకు చెప్పిన కుటుంబాలు ఇవాళ్టికీ ఉన్నాయి. మైల అన్న మాట తెలిసిన మనకు దీన్ని విడమరచి చెప్పక్కర్లేదు.

శాన్ బెర్నార్డినోలో పెర్రిస్ హిల్ పార్కు కొలనులోకి రానివ్వనందుకు, స్పానిష్ పత్రిక ‘ఎల్ ఎస్పెక్తదోర్’ సంపాదకుడు ఇగ్నాసియో లోపెస్, మరి కొందరు కలిసి కోర్టుకెక్కారు. 1944లో ఫెడరల్ జడ్జి లియోన్ యాంక్విచ్ వాళ్ళ పక్షాన తీర్పు చెప్పాడు. బడుల్లో వేర్పాటును కొట్టేసిన మెండెస్ వర్సెస్ వెస్ట్‌మినిస్టర్ కేసుకు ఇది పెద్దన్న లాంటిది. ఆ కేసు అందరికీ తెలుసు, ఈ కొలను కేసు తక్కువమందికి తెలుసు. బడి హక్కు అనగానే పౌరహక్కుగా ఒప్పుకున్న సమాజం, ఈత హక్కును మాత్రం సరదాగానే చూసింది. పార్కుల కోసం పోరాడినవాళ్ళు తర్వాత అరవై ఏళ్ళు ఆ చులకనతోనే పడ్డారు.

ఇంకో సంగతి. ఆ తరంలో చాలామందికి ఆరుబయలు అంటే విహారం కాదు, కూలి. 1942 నుంచి 1964 దాకా నడిచిన బ్రసేరో పథకం కింద లక్షలాది మెక్సికన్ కూలీలు అమెరికా పొలాల్లో పనిచేశారు. 1965లో డెలానో ద్రాక్షతోటల సమ్మె ఫిలిపినో కూలీలతో మొదలై, సెసార్ చావెస్ నడిపిన పొలం కూలీల సంఘం చేరికతో దేశవ్యాప్త ద్రాక్ష బహిష్కరణ అయింది. 1970లో తోటల యజమానులు సంతకం పెట్టిన ఒప్పందాల్లో డి.డి.టి. అనే పురుగుమందు వాడకూడదన్న షరతు ఉంది. ఫెడరల్ ప్రభుత్వం డి.డి.టి.ని నిషేధించింది ఆ తర్వాత, 1972లో. పర్యావరణ ఉద్యమ చరిత్ర రాసినవాళ్ళు దీన్ని చాలాకాలం కూలిపోరాటంగానే లెక్కేశారు. వారమంతా ఎండలో వంగి ద్రాక్ష కోసినవాడికి, ఆదివారం నాడు బరువు సంచీ వీపున వేసుకుని కొండెక్కడంలోని ఆనందం ఏమిటో అర్థం కాకపోతే తప్పెవరిది?

సిమెంటు

ఇక నగరం. 1781లో లాస్ ఏంజెలెస్‌ను స్థాపించిన 44 మంది వలసదారులు మెక్సికో వైపు నుంచి వచ్చినవాళ్ళు. ఏటి ఒడ్డున దిగి, ‘సాంహా మాద్రె’ అనే తల్లికాలువ తవ్వుకుని ఊరు కట్టారు. దాదాపు 150 ఏళ్ళ తర్వాత, 1930లో, వాణిజ్య మండలి పిలిపించిన ఓల్మ్‌స్టెడ్, బార్తోలొమ్యూ సంస్థలు ఈ నగరానికి ఒక ప్రణాళిక రాశాయి. నదుల వెంబడి ఉద్యానాలు, సముద్రతీరం ప్రజలది, పేట పేటకూ ఆటస్థలం, అన్నిటినీ కలిపే పచ్చని దారులు. ఏటి వెంబడి పార్కులుంటే వరద వచ్చినా నీరు పరుచుకోవడానికి చోటుంటుందని కూడా అందులో ఉంది. డబ్బు, అధికారం ఎవరి చేతిలో ఉండాలన్న తగవులో ఆ నివేదిక అటకెక్కింది. అచ్చయినవే రెండు వందల ప్రతులు.

1938 మార్చిలో వరద రానే వచ్చింది. వందమందికి పైగా చనిపోయారు. సైన్యపు ఇంజనీర్ల దళం వచ్చి 51 మైళ్ళ నదిని దాదాపు మొత్తం సిమెంటు కాలువ చేసింది. గ్లెండేల్ నారోస్ అనే చోట భూగర్భజలం పైకి ఉబకడంతో అడుగున సిమెంటు నిలవలేదు. అక్కడ మాత్రం విల్లో చెట్లూ కొంగలూ మిగిలాయి. మిగతా చోట్ల నది అంటే కంచె వెనక కనిపించే తెల్లటి గాడి. ఆ గాడికి రెండువైపులా రైలు యార్డులు, గోదాములు, వాటి పక్కనే లాటినో పేటలు.

ఆ పేటలు అక్కడే ఎందుకున్నాయంటే, 1930ల్లో ఇళ్ళ రుణాల ఫెడరల్ సంస్థ గీసిన పటాలు చూడాలి. బాయిల్ హైట్స్ పేటకు ఎర్రరంగు వేసి, ‘విధ్వంసక జాతి మూలకాలతో తేనెపట్టులా నిండింది’ అన్న అర్థంలో రాసుకున్నారు. రుణం రాదు, ధర పెరగదు, ఫ్రీవే వేయాలంటే అదే దారి. నగరం నడిబొడ్డున చావెస్ రవీన్ అనే లోయలో, ఎలీసియన్ పార్కు పక్కనే, మూడు మెక్సికన్ పల్లెలు మేకలతో, కూరగాయల మడులతో బతికేవి. ప్రభుత్వ గృహాలు కడతామని 1950లో నోటీసులిచ్చి ఖాళీ చేయించారు. గృహాలు కట్టలేదు. 1959లో చివరి కుటుంబాన్ని పోలీసులు మోసుకుని బయట పడేశారు, 1962లో అక్కడ డాడ్జర్స్ బేస్‌బాల్ స్టేడియం తెరిచారు. నగరంలో పచ్చదనం మధ్య బతికిన లాటినోలకు దక్కింది కారు పార్కింగు.

తర్వాతి దశాబ్దాల్లో ఎవరూ ఎవర్నీ మోసుకెళ్ళాల్సిన పని లేకపోయింది, పద్దులే ఆ పని చేశాయి. 1965లో వచ్చిన క్విమ్బీ చట్టం ప్రకారం కొత్తగా ఇళ్ళ వెంచర్లు వేసేవాళ్ళు పార్కుల కోసం భూమి గానీ డబ్బు గానీ ఇవ్వాలి. మంచి చట్టమే. కాని ఆ డబ్బు ఆ కొత్త ఇళ్ళ చుట్టుపక్కలే ఖర్చు పెట్టాల్సి వచ్చేది. కొత్త ఇళ్ళు లేచేది ఖాళీ భూములున్న శివార్లలో. ఒక్కో గదిలో నలుగురేసి ఉండే పాత పేటల్లో వెంచర్లూ లేవు, డబ్బూ లేదు. 1978లో ఆస్తిపన్నుకు పరిమితి పెట్టిన 13వ ప్రతిపాదన ప్రజల ఓటులో నెగ్గాక ఉన్న పార్కుల సిబ్బందే తగ్గారు. 2002లో దక్షిణ కాలిఫోర్నియా విశ్వవిద్యాలయ పరిశోధకులు లెక్క తీస్తే, తెల్లవాళ్ళు ఎక్కువగా ఉండే పేటల్లో వెయ్యిమందికి 31.8 ఎకరాల పార్కు, లాటినో పేటల్లో 0.6 ఎకరా.

0.6 ఎకరా అంటే జనం ఏం చేస్తారు? బాయిల్ హైట్స్‌లో ఎవర్‌గ్రీన్ శ్మశానం చుట్టూ ఉన్న కాలిబాట మీద నడిచేవారు. పగిలిన సిమెంటు మీద రోజూ వందల మంది, సమాధుల గోడ పక్కన. అక్కడివాళ్ళు, లాటినో అర్బన్ ఫోరం అనే చిన్న బృందం కలిసి నగరపాలకుల వెంటపడితే, 2000ల తొలి యేళ్ళలో ఆ ఒకటిన్నర మైలు బాటకు రబ్బరు పరిచారు. ఇది నాకు ఈ మొత్తం చరిత్రలోకెల్లా నచ్చిన ఘట్టం. ‘నడకకు పార్కు కావాలి’ అని ఎవరూ వచ్చి నేర్పలేదు. జనం ముందే నడుస్తున్నారు. ఆర్గనైజర్ చేసిందల్లా ఆ నడకను అధికారుల కంట పడేట్టు చేయడం.

జొన్నచేను కాని జొన్నచేను

సరదా అనుకున్నది హక్కుగా మారిన చోటు ‘కార్న్‌ఫీల్డ్’. పేరుకు మొక్కజొన్న చేను, నిజానికి చైనాటౌన్ పక్కన సదరన్ పసిఫిక్ రైల్వే వదిలేసిన 32 ఎకరాల పాత యార్డు. తల్లికాలువ పారిన దారి కూడా అదే. 1990ల చివర్లో ఒక పెద్ద రియల్ ఎస్టేట్ సంస్థ అక్కడ గోదాములు కడతానంది, నగర మేయర్ సరేనన్నాడు. చైనాటౌన్ యార్డ్ అలయన్స్ పేరుతో ముప్పైకి పైగా సంఘాలు ఏకమయ్యాయి. వాళ్ళ తరఫున వాదించినవారిలో గ్వాటెమాలాలో పుట్టి, పౌరహక్కుల లాయరైన రాబర్ట్ గార్సియా ముఖ్యుడు. ఆయన స్థాపించిన ‘ది సిటీ ప్రాజెక్ట్’ సంస్థ వాదన సూటిగా ఉండేది: పార్కుల పంపకం కూడా 1964 పౌరహక్కుల చట్టం కిందికి వస్తుంది, ప్రజాధనం పుచ్చుకునేవాడు జాతిని బట్టి నష్టం చేయకూడదు. పర్యావరణ ప్రభావాన్ని పూర్తిగా పరిశీలించనిదే గోదాములకు ఫెడరల్ సబ్సిడీ రాదని 2000లో అప్పటి గృహశాఖ మంత్రి ఆండ్రూ క్యూమో చెప్పడంతో ఆ ప్రాజెక్టు కాళ్ళు విరిగాయి. 2001లో రాష్ట్రం ఆ భూమి కొన్నది. పార్కు పూర్తిగా తెరుచుకునేసరికి 2017 అయింది. ఒక తరం పిల్లలు ఆ మధ్యలో పెద్దవాళ్ళయిపోయారు.

ఎగువన టేలర్ యార్డు కథా ఇలాంటిదే. పాత రైలు యార్డులో ఒక ముక్క 2007లో రియో దె లాస్ ఏంజెలెస్ పార్కు అయింది, సాకర్ మైదానాలతో. సాకర్ మైదానం ప్రకృతా అని అడిగిన శుద్ధవాదులూ ఉన్నారు. పార్కులో సగం చిత్తడి నేలకూ సగం ఆటకూ అని రాజీ కుదిరింది. అక్కడే ఎదురొడ్డున ఫ్రాగ్‌టౌన్‌లో 2013 నుంచి వేసవిలో నదిలో పడవలు వేయనిస్తున్నారు. పడవల వెనక కాఫీ షాపులొచ్చాయి, కాఫీ షాపుల వెనక అద్దెలు పెరిగాయి. పార్కు కావాలని పోరాడిన కుటుంబం పార్కు వచ్చేసరికి ఆ పేటలో అద్దె కట్టలేని స్థితి. దీనికి ఆర్గనైజర్ల దగ్గర ఇప్పటికీ సరైన మందు లేదు. అద్దె నియంత్రణ లేకుండా పచ్చదనం అడగొద్దని ఇప్పుడు కొందరు ముందే షరతు పెడుతున్నారు.

లెక్కలోకి రావడం

శాన్ గాబ్రియేల్ కొండల్ని 1892లోనే అడవి రిజర్వుగా ప్రకటించారు, కాలిఫోర్నియాలో అదే మొదటిది. లాస్ ఏంజెలెస్ కౌంటీలోని ఖాళీ నేలలో 70 శాతం అక్కడే ఉంది, నీళ్ళలో దాదాపు మూడో వంతు అక్కణ్ణుంచే వస్తుంది. గంటన్నర ప్రయాణంలో కోటిన్నర మంది. ఇంత జనం వచ్చే చోట మరుగుదొడ్లు తక్కువ, చెత్తడబ్బాలు తక్కువ, స్పానిష్ బోర్డులు ఇంకా తక్కువ. సోమవారం పొద్దున తూర్పు పాయలో డైపర్లు, బొగ్గు, ప్లాస్టిక్ పళ్ళేలు తేలేవి. దాంతో ‘వీళ్ళకు అడవి విలువ తెలీదు’ అన్న మాట పుట్టింది. లా పుయెంతే అనే శ్రామికుల ఊళ్ళో పెరిగి కాంగ్రెస్ సభ్యురాలైన హిల్డా సోలిస్ దీన్ని తిరగేసి చూసింది. జనం తప్పా, జనానికి తగ్గ ఏర్పాటు లేకపోవడం తప్పా? ఆమె తెచ్చిన చట్టంతో 2003లో ఆ నదీ పరీవాహకాల అధ్యయనానికి ఆదేశం వచ్చింది. తర్వాత స్థానిక సంఘాలు ఓ కూటమి కట్టి, అక్కడి పేటల మనుషులకే నాయకత్వ శిక్షణ ఇచ్చి, వాళ్ళనే వాషింగ్టన్ పంపి మాట్లాడించాయి. 2014 అక్టోబరు 10న ఒబామా శాన్ డిమాస్‌కు వచ్చి 3,46,177 ఎకరాలను జాతీయ స్మారకంగా, అంటే రక్షిత ప్రదేశంగా, ప్రకటించాడు. కౌంటీలో పార్కు దక్కని పిల్లల గురించి, అందులోనూ తెల్లవాళ్ళు కాని పిల్లల గురించి, ఆ వేదిక మీద మాట్లాడాడు. 2024 మేలో బైడెన్ ఇంకో లక్ష ఎకరాల పైచిలుకు కలిపాడు.

ఈ పైస్థాయి పోరాటం నడుస్తుండగానే కింద మరో పని మొదలైంది. 2013లో హొసే గొన్సాలెస్ అనే ఉపాధ్యాయుడు ‘లాటినో ఔట్‌డోర్స్’ స్థాపించాడు. మెక్సికోలో పుట్టి కాలిఫోర్నియాలో పెరిగినవాడు. చేసింది చిన్న పనిలా కనిపిస్తుంది: స్వచ్ఛంద కార్యకర్తల్ని ఊరూరా వెతికి, వాళ్ళ వాళ్ళ సమాజాన్ని వాళ్ళే విహారానికి తీసుకెళ్ళేలా చేయడం, ఆ అనుభవాల్ని రాయించడం. రాసే శీర్షిక పేరు ‘యో కుయెంతో’. స్పానిష్‌లో ఆ మాటకు రెండర్థాలు. నేను కథ చెబుతాను, నేను లెక్కలోకి వస్తాను. పత్రికల బొమ్మల్లో కొండ అంచున ఒంటరిగా నిలబడ్డ తెల్ల యువకుడే ‘ప్రకృతి ప్రేమికుడు’ అయినంతకాలం, ఏటి ఒడ్డున రొట్టె కాలుస్తున్న అమ్మమ్మ సర్వేల్లోకి రాలేదు. 2014 జులైలో హిస్పానిక్ యాక్సెస్ ఫౌండేషన్ మొదటి లాటినో సంరక్షణ వారోత్సవం జరిపింది. అదే సంస్థ మరొకరితో కలిసి 2020లో వేసిన నివేదికలో, తెల్లేతర సమాజాల్లో 74 శాతం ప్రకృతి కరువైన చోట్ల ఉంటున్నాయని, తెల్ల సమాజాల్లో అది 23 శాతమని తేలింది.

ఈ ఆర్గనైజర్ల పనితీరు దగ్గర్నుంచి చూస్తే ఓపిక పనే ఎక్కువ. ‘హైకింగ్’ అంటే రారు, ‘కుటుంబంతో నడక’ అంటే వస్తారు. ఆదివారం పూజ అయ్యాకే బయల్దేరాలి. అమ్మమ్మ ఒప్పుకోందే పిల్లలు రారు, అందుకని ముందు అమ్మమ్మను పిలవాలి. బూట్లు కొనక్కర్లేదు, ఉన్నవి చాలు అని చెప్పాలి. అడవి పార్కింగుకు రోజుకు 5 డాలర్ల ‘అడ్వెంచర్ పాస్’ అడుగుతారు, అది ఎక్కడ దొరుకుతుందో చెప్పాలి. ఆరుబయట గుడారంలో పడుకోవడం కొందరికి సరదా కాదు, ఎడారి దాటి సరిహద్దు చేరిన రాత్రుల జ్ఞాపకం. వాళ్ళను బలవంతపెట్టకూడదు. కొండ మీదికి చేరాక మాత్రం తరచూ తలకిందులవుతుంది వ్యవహారం. గైడు ఒక మొక్క పేరు ఇంగ్లీషులో చెప్పి ఆగుతాడు, వెనక నుంచి ఒకామె అది కడుపునొప్పికి కషాయం కాసే ఆకని, మా ఊళ్ళో దొడ్లో పెంచేవాళ్ళమని అందుకుంటుంది. ఆ క్షణం నుంచి పాఠం ఎవరు చెబుతున్నారో తేలదు.

డబ్బు వైపు కూడా కొంత కదిలింది. 2016లో కౌంటీ పార్కుల అవసరాల లెక్క తీయిస్తే, సగానికి పైగా జనం పార్కు కొరత తీవ్రంగా ఉన్న చోట్లే ఉన్నారని తేలింది. అదే నవంబరులో పార్కుల కోసం కట్టడాల మీద చదరపు అడుగుకు సెంటున్నర పన్ను వేసే ‘మెజర్ ఎ’ ప్రతిపాదన దాదాపు 75 శాతం ఓట్లతో నెగ్గింది. రెండేళ్ళ ముందు ఇలాంటిదే ఓడిపోయింది. ఈసారి నిధులు అవసరం ఎక్కువున్న పేటలకు ముందు వెళ్ళాలన్న నిబంధన పెట్టారు. క్విమ్బీ చట్టం వదిలేసిన సందు అదే.

పచ్చ యూనిఫాం

అటవీశాఖ యూనిఫాం పచ్చగా ఉంటుంది. సరిహద్దు గస్తీ యూనిఫాం కూడా పచ్చదే. దూరం నుంచి చూస్తే రెండూ ఒకటే, దగ్గర్నుంచి చూసేదాకా ఎవరూ ఆగరు. ఆర్గనైజర్లు విహారానికి ముందు రేంజరుతో మాట్లాడి, మామూలు చొక్కాతో రమ్మని అడగడం, లేదా స్పానిష్ వచ్చిన రేంజర్నే పంపమనడం ఈ రంగంలో పాత అలవాటు.

2025లో ఆ అలవాటు చాల్లేదు. జనవరిలో, పర్యావరణ న్యాయం మీద 1994లో క్లింటన్ ఇచ్చిన కార్యనిర్వాహక ఉత్తర్వును కొత్త ప్రభుత్వం రద్దు చేసింది. కార్న్‌ఫీల్డ్ నాటి వాదనల్లో అదీ ఒక ఊతకర్ర. జూన్ నుంచి లాస్ ఏంజెలెస్‌లో వలసల నియంత్రణ అధికారుల దాడులు మొదలయ్యాయి. జులై 7న ఫెడరల్ ఏజెంట్లు గుర్రాల మీద, వెంట నేషనల్ గార్డు సైనిక వాహనాలతో మెక్ఆర్థర్ పార్కులోకి వచ్చారు. మధ్య అమెరికా వలసదారుల పేట అది. చెరువు పక్కన ఆ పూట పిల్లల వేసవి శిబిరం నడుస్తోంది. మేయర్ కారెన్ బాస్ స్వయంగా వెళ్ళి వెళ్ళిపొమ్మని అడిగింది. పార్కుకు రండి అని పదేళ్ళు పిలిచినవాళ్ళకు, ఆ పిలుపే ప్రమాదం కాకుండా చూడాల్సిన పరిస్థితి వచ్చింది.

తూర్పు పాయకు ఇంకో కష్టం. 2024 సెప్టెంబరులో దాని పక్కనే అంటుకున్న బ్రిడ్జ్ ఫైర్ 50,000 ఎకరాలకు పైగా కాల్చింది, దారులు మూసేశారు. నాలుగు నెలల తర్వాత ఈటన్ ఫైర్ అదే కొండల పాదాన ఆల్టడీనాను బూడిద చేసింది. మూసిన దారులు తెరిచేదాకా ఆదివారం కుటుంబాలు ఎక్కడికి పోవాలన్నదానికి అటవీశాఖ పటంలో జవాబు ఉండదు. ఆర్గనైజర్ల ఫోన్లు మాత్రం మోగుతూనే ఉంటాయి.

2016లో మెట్రో రైలు అజుసా దాకా వచ్చింది. స్టేషన్లో దిగితే కొండ ఎదురుగానే ఉంటుంది, ఎండ కాసిన రోజున చెట్లు కూడా లెక్కపెట్టొచ్చు. అక్కణ్ణుంచి తూర్పు పాయ పది పన్నెండు మైళ్ళు. ఆ పది పన్నెండు మైళ్ళకు రోజువారీ సిటీ బస్సు లేదు.